ఎవరు పంపారు? ఎప్పుడు పంపారు? రద్దయిందా?

(మన సంఘ వార్షికోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



కార్యదర్శి గారు నన్ను ఏదైనా సైన్సు విషయం మాట్లాడమన్నారు. నేను చదివింది ఇంటర్మీడియట్, ఎం.పి.సి. ఆ తరువాత చదువంతా సిగ్నల్స్‌లోనే. ఇరవై ఎనిమిదేళ్ళు మెసేజీలు అందుకోవడం, పంపడం, పంపినవి చేరాయో లేదో చూసుకోవడం, ఇదే నాకు తెలిసిన విద్య. కాబట్టి నేను సైన్సు గురించి చెప్పను. సైన్సు కబురు మన దాకా ఎలా వస్తుందో చెబుతాను. అది ల్యాబులో పుట్టి, పత్రికలో అచ్చయి, ఇంటర్నెట్టెక్కి, చివరికి మన సెల్‌ఫోనులో "అమెరికా శాస్త్రవేత్తలు కనిపెట్టారు" అంటూ వచ్చేలోపు ఎన్ని చేతులు మారుతుందో, ఎక్కడ చెడిపోతుందో మీ ముందు పెట్టాలని నా ప్రయత్నం.

సిగ్నల్స్‌లో చేరిన కొత్తలోనే మెసేజి ఫారం నింపడం నేర్పుతారు. ఎవరి నుంచి, ఎవరికి, ఏ తేదీ, ఏ టైము, నంబరెంత, ఎంత అర్జంటు. ఇవి లేనిది మెసేజి కాదు, చిత్తు కాగితం. ఇంకొక రూలు కూడా ఉంది. ఒక మెసేజిని రద్దు చేస్తే, ఆ రద్దు కబురు మొదటి మెసేజి ఎవరెవరికి వెళ్ళిందో వాళ్ళందరికీ వెళ్ళాలి. ఒక్క పోస్టుకు చేరకపోయినా, అక్కడున్న జవాను పాత ఆర్డరు మీదే నడుస్తాడు. ఆ తరువాత ఏం జరుగుతుందో ఇక్కడున్న వారికి నేను చెప్పనక్కర్లేదు. ఈ రెండు రూల్సూ మనసులో పెట్టుకుని మిగతాది వినవలసిందిగా మనవి.

బేగంపేట నుంచి లండనుకు

మన హైదరాబాదుతోనే మొదలుపెడతాను. 1897 ఆగస్టు 20. సికింద్రాబాదు, బేగంపేట. సర్జన్ మేజర్ రొనాల్డ్ రాస్ అనే ఇండియన్ మెడికల్ సర్వీసు అధికారి, హుసేన్ ఖాన్ అనే మలేరియా రోగిని కుట్టిన దోమను కోసి మైక్రోస్కోపు కింద పెట్టారు. దాని కడుపు గోడలో మలేరియా క్రిమి కనిపించింది. రాస్ గారు కూడా మనవాళ్ళలో ఒకరే, ఆయన తండ్రి సైన్యంలో జనరలు.

ఆయన వెంటనే ఊరంతా చాటలేదు. చూసింది చూసినట్టు రాసి, స్లైడులతో సహా లండనుకు పంపించారు. అక్కడ ఆయనకు గురుతుల్యుడైన ప్యాట్రిక్ మాన్సన్ ఆ స్లైడులు స్వయంగా చూసి, తన అభిప్రాయం కూడా జతపరిచారు. బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో అది 1897 డిసెంబరు 18న అచ్చయింది. అంటే నాలుగు నెలలు. ఆ వ్యాసానికి పెట్టిన పేరు చూడండి. "మలేరియా గుట్టు రట్టు" అని పెట్టలేదు. మలేరియా రక్తం తాగిన రెండు దోమల్లో కనబడిన కొన్ని వింత రంగు కణాల గురించి అని మాత్రమే పెట్టారు. రెండు దోమలు చూస్తే రెండు దోమలనే రాశారు. ఈలోపు రాస్ గారికి పోస్టింగు ఆర్డరు వచ్చి రాజపుతానాలోని ఖేర్వాడాకు పోవలసి వచ్చింది. పోస్టింగు బాధ మనకొక్కరికే కాదన్నమాట! తరువాత 1898లో కలకత్తాలో పక్షుల మలేరియా మీద పని పూర్తిచేశారు. 1902లో నోబెల్ బహుమానం వచ్చింది.

పరిశోధనను పత్రికలో వేయడమనే పద్ధతి 1665లో లండన్ రాయల్ సొసైటీ వాళ్ళ పత్రికతో ఊపందుకుంది. ఇప్పటికీ మూలసూత్రం అదే. పరిశోధకుడు తను చేసిందంతా రాసి పత్రికకు పంపుతాడు. ఎడిటరు దాన్ని అదే విషయం తెలిసిన ఇద్దరు ముగ్గురికి ఇస్తాడు. వాళ్ళు తప్పులు పడతారు, ప్రశ్నలు వేస్తారు, వద్దనవచ్చు కూడా. దీన్నే పీర్ రివ్యూ అంటారు. మన భాషలో చెప్పాలంటే తోటి నిపుణుల ఇన్‌స్పెక్షను. మామూలుగా ఈ పనికి వాళ్ళకు జీతం ఉండదు. అయితే ఎంత గట్టి ఇన్‌స్పెక్షన్లోనైనా కొన్ని లోపాలు తప్పించుకుపోతాయని మనకు తెలుసు. ఇక్కడా అంతే.

ఇదంతా మనకెందుకు అనుకోవద్దు. ఎత్తు ప్రాంతాల్లో సర్వీసు చేసినవారంతా అక్లిమటైజేషన్ చేసే ఉంటారు. తొమ్మిది వేల అడుగులు దాటితే ఆరు రోజులు, పన్నెండు వేలు దాటితే నాలుగు, పదిహేను వేలు దాటితే ఇంకో నాలుగు. కుర్రతనంలో ఊరికే కూర్చోబెట్టారని విసుక్కున్నవాళ్ళు ఈ హాల్లో చాలామంది ఉన్నారు. ఆ క్రమశిక్షణ వెనక పరిశోధన ఉంది. ఇందర్ సింగ్ అనే మన సైనిక వైద్యాధికారి, ఆయన సహచరులు 1,925 మంది భారత జవాన్లలో కొండ జబ్బును గమనించి, న్యూ ఇంగ్లండ్ జర్నల్ ఆఫ్ మెడిసిన్‌లో 1969లో ప్రచురించారు. ఆ జవాన్ల పేర్లు మనకు తెలియవు. కాని వాళ్ళు పడ్డ తలనొప్పి, ఆయాసం పద్ధతిగా రాసి అచ్చు వేయబట్టే ప్రపంచమంతా చదివింది. ఇలాంటి పరిశోధనల పునాది మీద వచ్చిన ఆర్డర్ల వల్లే మనలో ఎందరో క్షేమంగా కిందికి దిగివచ్చాం.

ఇంటర్నెట్టు వచ్చాక

ఇక కొత్త కాలం. 1991 ఆగస్టులో అమెరికాలోని లాస్ అలమోస్‌లో పాల్ గిన్‌స్పార్గ్ అనే భౌతిక శాస్త్రవేత్త ఒక కంప్యూటరు ఏర్పాటు చేశారు. పత్రికలో అచ్చు కాకముందే వ్యాసాన్ని అందులో పెడితే ఎవరైనా ఉచితంగా చదువుకోవచ్చు. దాని పేరు ఆర్కైవ్. ఇలా ఇన్‌స్పెక్షను కాకముందే బయటపెట్టే కాపీని ప్రీప్రింట్ అంటారు. జీవశాస్త్రానికి 2013లో బయోఆర్కైవ్, వైద్యానికి 2019లో మెడ్‌ఆర్కైవ్ వచ్చాయి.

దీని లాభం కరోనా రోజుల్లో చూశాం. ఆ వైరస్ జన్యు వివరాలు 2020 జనవరి 11 నాటికి ఇంటర్నెట్టులో అందరికీ అందాయి. అమెరికాలో మొదటి టీకా ప్రయోగపు డోసు మనిషికి ఇచ్చింది మార్చి 16న. రెండు నెలలు దాటిన కొద్ది రోజులకే! రాస్ గారి రోజుల్లో అయితే వ్యాసం అచ్చు కావడానికే నాలుగు నెలలు పట్టింది.

డబ్బు సంగతి కూడా చెప్పాలి. ఇంటర్నెట్టులో ఉన్నా చాలా పత్రికలకు తాళం ఉంటుంది. ఒక్క వ్యాసం చదవాలంటేనే వేలల్లో అడిగేవి ఉన్నాయి. మన దేశంలో ప్రభుత్వ విద్యా సంస్థల పిల్లల కోసం కేంద్ర మంత్రివర్గం 2024 నవంబరు 25న "వన్ నేషన్ వన్ సబ్‌స్క్రిప్షన్" పథకానికి ఆమోదం తెలిపింది. 2025 నుంచి 2027 వరకు మూడేళ్ళకు 6,000 కోట్ల రూపాయలు. 30 ప్రచురణ సంస్థలు, దాదాపు 13,000 పత్రికలు, 6,300కు పైగా ప్రభుత్వ సంస్థలు. మన పిల్లలు ప్రభుత్వ కాలేజీల్లో, యూనివర్సిటీల్లో చదువుతుంటే లైబ్రరీలో అడగమనండి. జేబులోంచి రూపాయి కట్టకుండా చదువుకునే దారి ఉంది.

డబ్బుకు ఇంకో ముఖం కూడా ఉంది. కొన్ని పత్రికలు చదివేవాడి దగ్గర కాకుండా రాసేవాడి దగ్గర రుసుము తీసుకుంటాయి. అందులో నిజాయితీగా నడిచేవి చాలా ఉన్నాయి. ఇన్‌స్పెక్షను లేకుండా రుసుము మాత్రం పుచ్చుకునేవీ ఉన్నాయి. మా బావమరిది కూతురు పరిశోధన చేస్తోంది. ఒకరోజు "మావయ్యా, మూడు రోజుల్లో నా పేపరు వేస్తామని మెయిలు వచ్చింది, డబ్బు కట్టమంటున్నారు" అంది. మూడు రోజుల్లో బూట్ల పాలిష్ ఇన్‌స్పెక్షను కూడా సరిగ్గా కాదు, పరిశోధన ఇన్‌స్పెక్షను ఎలా అవుతుందమ్మా, మీ గైడు గారిని అడుగు అన్నాను. ఆయన వద్దన్నారు. హైదరాబాదు కేంద్రంగా నడిచిన ఒమిక్స్ అనే ప్రచురణ సంస్థ మీద అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ వేసిన కేసులో, పరిశోధకులను మోసపుచ్చే పద్ధతులకుగాను 2019లో అక్కడి కోర్టు 5 కోట్ల డాలర్లకు పైగా చెల్లించమని తీర్పునిచ్చింది. మన ఊరి పేరు ఇలా వినబడటం బాధే, కాని పిల్లలకు తెలియాలి.

రద్దు కబురు ఎక్కడ ఆగిపోతుంది?

ఇప్పుడు అసలు విషయానికి వస్తున్నాను. పత్రికలో వచ్చింది తప్పని తేలితే దాన్ని వెనక్కి తీసుకుంటారు. ఇంగ్లీషులో రిట్రాక్షన్ అంటారు. మన భాషలో క్యాన్సిల్ మెసేజి.

1998లో లాన్సెట్ అనే పెద్ద పత్రికలో, 12 మంది పిల్లలను చూసి, తట్టు టీకా కలిసిన ఎం.ఎం.ఆర్. టీకాకు ఆటిజంతో సంబంధం ఉండవచ్చనే అనుమానం పుట్టించిన వ్యాసం వచ్చింది. దాన్ని 2010 ఫిబ్రవరిలో రద్దు చేశారు. పన్నెండేళ్ళు! ఈలోపు ఎన్ని దేశాల్లో ఎందరు తల్లులు భయపడి టీకా మానేశారో. ఆ భయం ఈనాటికీ పూర్తిగా పోలేదు.

అదే లాన్సెట్‌లో 2020 మే 22న ఇంకో వ్యాసం వచ్చింది. 671 ఆసుపత్రులు, 96,000 మంది రోగుల లెక్కలని చెప్పి, కరోనాకు హైడ్రాక్సీక్లోరోక్విన్ హాని చేస్తుందన్నారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ మే 25న తన ప్రయోగాల్లో ఆ మందును ఆపింది. ఆ లెక్కలు చూపించండని తోటివారు గట్టిగా అడిగితే, లెక్కలిచ్చిన కంపెనీ చూపించలేదు. జూన్ 4న వ్యాసం రద్దు. పదమూడు రోజులు. పన్నెండేళ్ళ పని పదమూడు రోజుల్లో అయిందంటే, వ్యాసం అందరికీ ఇంటర్నెట్టులో కనబడటమే పెద్ద కారణం.

ఇక్కడ ఒక మెలిక గమనించాలి. వ్యాసం రద్దయింది కాబట్టి ఆ మందు పనిచేస్తుందని చాలామంది సంబరపడ్డారు. అలా కాదు. మరుసటి రోజే, జూన్ 5న, ఇంగ్లండులో జరిగిన రికవరీ అనే పెద్ద ప్రయోగం వాళ్ళు ఆసుపత్రిలో ఉన్న రోగులకు ఆ మందు వల్ల లాభం లేదని ప్రకటించారు. ఒక మెసేజి రద్దయితే దానికి వ్యతిరేకమైన మెసేజి నిజమైపోదు.

మన దేశపు ఉదాహరణ కూడా ఉంది. 2020 జనవరి 31న ఢిల్లీకి చెందిన కొందరు పరిశోధకులు కరోనా వైరస్‌లో ఎయిడ్స్ వైరస్‌ను పోలిన ముక్కలున్నాయని ప్రీప్రింట్ పెట్టారు. దేశదేశాల నిపుణులు తప్పు చూపించారు. రాసినవాళ్ళే ఫిబ్రవరి 2న వెనక్కి తీసుకున్నారు. రెండే రోజులు. సైన్సు తన డ్యూటీ సరిగ్గా చేసింది. కాని ఆ రెండు రోజుల్లో ఆ కబురు ఫోన్లకెక్కింది. నెలలు గడిచాక కూడా నాకు అది కొత్త వార్తలాగా వస్తూనే ఉంది. ప్రీప్రింట్ రద్దయింది, ఫార్వర్డు రద్దు కాలేదు. సోదరులారా, క్యాన్సిల్ మెసేజి ఆగిపోయే పోస్టు ఇదే.

కొన్నిసార్లు మెసేజి నిజమే అవుతుంది, సగమే వస్తుంది. అదే రికవరీ ప్రయోగంలో 2020 జూన్ 16న మంచి వార్త చెప్పారు. డెక్సామెథసోన్ అనే చవకైన స్టెరాయిడు వెంటిలేటరు మీదున్నవారిలో చావులను మూడో వంతు తగ్గించింది, ఆక్సిజన్ మీదున్నవారిలో అయిదో వంతు తగ్గించింది. ఆక్సిజన్ అవసరం లేనివారికి లాభం కనబడలేదని కూడా అందులోనే ఉంది. ఫార్వర్డులో మొదటి సగమే వచ్చింది. 2021 రెండో వేవులో జ్వరం రాగానే ఇంట్లో స్టెరాయిడు మింగినవాళ్ళను మనం చూశాం. ఆ ఏడు వచ్చిన బ్లాక్ ఫంగస్‌కు అదుపులేని షుగరు, విచ్చలవిడి స్టెరాయిడ్లు ముఖ్య కారణాలని డాక్టర్లు చెప్పారు.

మన ఇళ్ళలో జరిగేది

నాతో ఒకే యూనిట్లో పనిచేసిన హవల్దారు ఒకాయన ఉన్నాడు. పేరు చెప్పను. ధైర్యవంతుడు, గుండు దెబ్బకు వెరవనివాడు. రిటైరయ్యాక షుగరు వచ్చింది, మందులు క్రమం తప్పకుండా వాడేవాడు. ఒకసారి ఆయన ఫోనుకు "ఈ కషాయం నలభై రోజులు తాగితే షుగరు మందులు మానేయవచ్చని విదేశీ శాస్త్రవేత్తలు నిరూపించారు" అని వచ్చింది. పంపింది మన కోర్సుమేటే, అందుకే నమ్మాడు. మాత్రలు మానేశాడు. కొన్ని నెలల తరువాత ఆయన భార్య ఫోను చేసి "అన్నయ్యగారూ, కాలి వేలు తీసేశారండీ" అని ఏడ్చింది. నేను ఆసుపత్రికి వెళ్ళి ఆ మెసేజి చూపించమన్నాను. చూశాను. పరిశోధన చేసినవాళ్ళ పేరు లేదు. పత్రిక పేరు లేదు. సంవత్సరం లేదు. చివర "పది మందికి పంపండి, ఒక ప్రాణం కాపాడండి" అని మాత్రం ఉంది.

సర్వీసులో ఇలాంటి కాగితం సిగ్నల్ సెంటరుకు వస్తే ఆయనే పక్కన పారేసేవాడు. యూనిఫారం విప్పాక ఆ అలవాటు కూడా విప్పేశాం. నా బాధ అదే.

అందుకని నాలుగు ప్రశ్నలు చెబుతాను. చిన్న డ్రిల్ అనుకోండి.

ఒకటి, ఎవరు పంపారు? మీ స్నేహితుడు కాదు, మొదట చేసినవారెవరు, ఏ సంస్థ, ఏ పత్రిక? నిజమైన పరిశోధన వ్యాసాలకు చాలావాటికి డి.ఓ.ఐ. అనే నంబరుంటుంది, 10తో మొదలవుతుంది. మన మెసేజి నంబరులాంటిదే. డి.ఓ.ఐ. డాట్ ఆర్గ్ అనే సైటులో ఆ నంబరు కొడితే వ్యాసం పేజీ తెరుచుకుంటుంది.

రెండు, ఎప్పుడు? తేదీ లేనిదాన్ని నమ్మవద్దు.

మూడు, ఇన్‌స్పెక్షను అయిందా? ప్రీప్రింటా, పత్రికలో వచ్చిందా? ఎలుకల మీద చేశారా, మనుషుల మీదా? ఎంతమంది మీద? ఎలుకకు తగ్గిన జబ్బు సుబేదారుకు తగ్గాలని లేదు.

నాలుగు, రద్దయిందా? పబ్‌మెడ్ అనే సైటులో వైద్య వ్యాసాల వివరాలు ఉచితంగా వెతకవచ్చు. రద్దయిన వ్యాసం మీద ఆ సంగతి స్పష్టంగా రాసి ఉంటుంది. రిట్రాక్షన్ వాచ్ అనే జాబితా కూడా 2023 నుంచి అందరికీ ఉచితంగా అందుబాటులో ఉంది. మనకు ఇంగ్లీషు కష్టమైతే ఇంట్లో చదువుకున్న పిల్లలున్నారు. మనవరాలితో వెతికించుకోవడం నామోషీ కాదు.

ఈ నాలిగింటికీ జవాబు దొరికినా, మందు మొదలుపెట్టేది, మానేది డాక్టరు గారిని అడిగాకే. మెసేజి అందుకోవడం వేరు, దాని మీద ఆర్డరివ్వడం వేరు. ఆర్డరిచ్చే అధికారం సిగ్నల్ మ్యాన్‌కు లేదు.

చివరగా మన సంఘానికి రెండు విన్నపాలు. మనలో మెడికల్ కోర్ నుంచి రిటైరైనవారు, నర్సింగ్ చేసిన అక్కచెల్లెళ్ళు ఉన్నారు. వారిలో ముగ్గురు నలుగురు ముందుకొచ్చి, మన సభ్యులకు వచ్చే ఆరోగ్య ఫార్వర్డులు చూసి, ఏది నిజం, ఏది సగం, ఏది అబద్ధం అని తేలిక తెలుగులో చెబితే బాగుంటుంది. పరిశోధనంతా ఇంగ్లీషులో ఉంటుంది, పుకారు మాత్రం చక్కటి తెలుగులో వస్తుంది. మన నిజం కూడా తెలుగులో రావాలి. వచ్చే సంచికలో అందుకు రెండు పేజీలు కేటాయించమని సంపాదకవర్గాన్ని కోరుతున్నాను.

రెండోది ప్రతి ఒక్కరికీ. మీరు పంపిన కబురు తప్పని తెలిస్తే, మౌనంగా డిలీట్ చేసి ఊరుకోకండి. ఎంతమందికి పంపారో అంతమందికీ "నేను పంపింది తప్పు, దాని ప్రకారం నడవకండి" అని పంపండి. అందులో పరువు పోయేదేమీ లేదు. పెద్ద పెద్ద పత్రికలే ఆ పని చేస్తున్నాయి. మనకు అది కొత్త విద్య కూడా కాదు. ఒక్క పోస్టు కూడా మిగలకుండా రద్దు కబురు చేర్చడం మన పాత డ్యూటీయే.



జై హింద్!